పదకొండు బొమ్మల నవ్వు

నేను సినిమాలు తీశానంటే ప్రొద్దుటూరులో ఇప్పటికీ సగం మంది నమ్మరు. "ఆయప్పా? బోర్డులు రాసేటోడు గదా" అంటారు. అదీ అబద్ధం కాదు. నలభై ఏళ్లు నా పొట్ట నింపింది బోర్డులే. బంగారం అంగళ్లకు పేర్లు రాశాను, బట్టల కొట్లకు టాకీసులో వేసే గాజు స్లైడ్లు గీశాను, టెంటు టాకీసు వాళ్లకు హీరోల ముఖాలు గుడ్డ మీద ఆరడుగుల ఎత్తున వేశాను. మధ్యలో మిగిలిన ఆదివారాల్లో తొమ్మిది చిన్న సినిమాలు తీశాను. వాటికి నిర్మాత నేనే, దర్శకుడు నేనే, కెమెరా పట్టింది నేనే. చూసి బాగుందని మెచ్చుకున్న మొదటి ప్రేక్షకుడు కూడా చాలాసార్లు నేనే.

ఈ మధ్య సినిమా నేర్చుకుంటున్న పిల్లలు కొందరు వచ్చి, మీ పద్ధతి ఏమిటి సార్ అని అడిగారు. పద్ధతి అనేంత పెద్ద మాటకు నా దగ్గర సరుకు లేదు. ఒక్క అలవాటు మాత్రం ఉంది. అదీ బుద్ధితో వచ్చింది కాదు, ఒక తప్పు చేశాక వచ్చింది. ఆ తప్పు సంగతి వాళ్లకు సగమే చెప్పాను. సగం చెప్పడం నా ముసలితనంలో వచ్చిన తెలివి. మిగతా సగం కూడా కలిపి ఇక్కడ రాస్తున్నాను.

కర్నూలు మనకు రాజధానిగా ఉన్న రోజుల్లో, జమ్మలమడుగు నుంచి సొంత దేశానికి వెళ్లిపోతున్న ఒక దొర దగ్గర ఆ కెమెరా కొన్నాను. వాళ్ల కుక్కకు రెండు నిలువెత్తు బొమ్మలు గీసిచ్చి, పైన చేతిలో ఉన్నదంతా పెట్టి తెచ్చుకున్నాను. చిన్న ఫిల్ము కెమెరా అది, పదహారు ఎం.ఎం. రకం. దానికి కరెంటు అక్కర్లేదు. గోడ గడియారానికి ఇచ్చినట్టు చావి ఇస్తే అర నిమిషం తిరిగి ఆగిపోతుంది. మళ్లీ చావి ఇవ్వాలి. ఒక రీలంతా కలిపి మూడు నిమిషాలు కూడా రాదు. తీసిన రీలు పోస్టులో బొంబాయికి పంపితే, కడిగి నెలకో నెలన్నరకో తిప్పి పంపేవారు. ఆ వచ్చిందే సినిమా. దానికి నెగటివు లేదు, రెండో కాపీ లేదు. ఉన్నది ఒక్కటే. ఈ సంగతి మనసులో పెట్టుకోండి, ముందు పని పడుతుంది.

నా సినిమాలు ఎక్కడ ఆడేవంటే, మా టెంటు టాకీసులో ఇంటర్వెల్లో. సోడా తాగేవాళ్లకు అడ్డం రాకుండా వేసుకో అన్నాడు ఓనరు. ఆయన మంచివాడే. మా ప్రొజెక్టరూ చిన్న ఫిల్ముదే కాబట్టి నా పని జరిగిపోయేది. దాన్ని నడిపే ఆపరేటరు ముస్లిం. నాకంటే పదేళ్లు పెద్ద. మేమిద్దరం ఒకరినొకరు మామా అని పిలుచుకునేవాళ్లం. మాటలు తక్కువ మనిషి. రీలును చేత్తో చుట్టేటప్పుడు వేలికొసతో అంచును తడుముతూ చుట్టేవాడు. ఎక్కడ అతుకు ఉందో, అది రేపటి దాకా నిలుస్తుందో లేదో చూడకుండానే చెప్పేవాడు. ఆయన నా సినిమాలను ఎప్పుడూ పొగడలేదు. అతుకులు బాగున్నాయని మాత్రం రెండుసార్లు అన్నాడు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన కొత్తలో బండల మీద ఒక సినిమా తీయాలని బుద్ధి పుట్టింది. మా జిల్లా మనిషి బండ మీద కూర్చుని అన్నం తింటాడు, బండ మీదే పడుకుంటాడు, వాననీళ్లు కారకుండా ఇంటి పైనా బండే పరుస్తాడు. ఆ బండను భూమిలోంచి లేపిన మనిషి ఎవరో ఎవరికీ పట్టదు. ఆ మనిషి కోసం జమ్మలమడుగు దగ్గర గనుల చుట్టూ సైకిలు మీద తిరిగాను. చివరికి ఒకాయన దొరికాడు. పులివెందుల దిక్కున మెట్ట పల్లె ఆయనది. రెండేళ్లు వాన మొహం చాటేసి బావి ఎండిపోతే, పెళ్లాన్ని ఊళ్లో ఉంచి బండల పనికి వచ్చాడు. ముప్పై ఏళ్లు దాటి ఉండవు.

ఆయన పని చూడటమే ఒక సంబరం. బండ మీద మోకాళ్లు మోపి, చిన్న సుత్తితో అక్కడక్కడ తట్టి, చెవి ఆనించి వినేవాడు. మనం పుచ్చకాయను తట్టి చూసినట్టే. పలుకు బాగుందనిపించిన చోట గీత గీసి, వరసగా ఇనప చీలలు దించి, ఒక్కోదానికి ఒక్కో దెబ్బ వేసుకుంటూ పోయేవాడు. చివరి దెబ్బకు బండ పొడుగునా విడిపోయి పైకి లేచేది. మూరెడు బండ ముక్క ఒకటి నాకిచ్చి, ఇది బాగా పలుకుతుంది తీసుకపో అన్నాడు. నా సినిమాకు శబ్దం లేదు కదా. ఆ ముక్కను టెంటులో తెర వెనక పెట్టుకుని, తెర మీద ఆయన సుత్తి దిగినప్పుడల్లా నేను వెనక సుత్తి వేసేవాణ్ణి. జనానికి అది భలే నచ్చేది. అదంతా తరవాతి మాట.

తీసేటప్పుడు నాకు వచ్చిన చిక్కు ఒక్కటే. ఆయన నా దిక్కు చూసేవాడు. కెమెరాను చూడకూడదు, నేను లేనట్టే పని చేసుకోవాలి అని రెండు ఆదివారాలు నేర్పించాను. పెద్ద సినిమాల్లో ఎవరూ మన దిక్కు చూడరు కదా. అదే చట్టమని నా నమ్మకం. తా పట్టిన కుందేటికి మూడే కాళ్లు అనే వయసు.

ఆయనకు అది ఎక్కలేదు. "మనిషి వచ్చి నిలబడుకోని ఉంటే మొగం సూడకుండా పని చేసేదెట్లప్పా? మాయమ్మ తిడతాది" అన్నాడు. నేను వినలేదు. వీపు నా దిక్కు పెట్టి కూర్చోమన్నాను. ఆ వీపూ చేతులూ నాకు చాలు అనుకున్నాను.

ఆఖరి రీలు ఆఖరి చావి బండ విడిపోయే ఘట్టానికి దాచిపెట్టాను. చీలలు దించాడు. వరసగా దెబ్బలు వేశాడు. చివరి దెబ్బకు బండ విడింది. విడీ విడకముందే ఈయన గిరుక్కున వెనక్కి తిరిగి, దుమ్ములోంచి నన్ను చూసి నవ్వేశాడు. చావి అయిపోయేదాకా నవ్వుతూనే ఉన్నాడు.

నేను తిట్టాను. మంచి మాటలతో కాదు. నా రీలంతా నాశనం చేశావు, ఇంత చెప్పినా బుర్రకెక్కలేదా అన్నాను. ఆయన నవ్వు ఆగిపోయింది. "తప్పయిందప్పా. బండ శానా బాగా విడింది. నీకు సూపిద్దామని తిరిగినా" అన్నాడు. నేను కెమెరా సంచిలో పెట్టుకుని సైకిలెక్కాను. ఆయనతో నా ఆఖరి మాట ఆ తిట్టే.

రీలు బొంబాయి నుంచి వచ్చాక కత్తెర పట్టుకుని కూర్చున్నాను. ఫిల్ము మీద ఉండే ఒక్కో చిన్న చదరాన్ని మేము బొమ్మ అనేవాళ్లం. గోరంత ఉంటుంది. ఇరవై నాలుగు బొమ్మలు గడిస్తే ఒక సెకను. బండ విడిపోవడం సరిగ్గా పదకొండు బొమ్మల్లో ఉంది. ఆ పదకొండింటిలోనే ఆయన తిరగడమూ ఉంది. వాటిని తీసేస్తే నా సినిమా దేనికోసం ఎదురుచూసిందో అదే పోతుంది. అర సెకను కూడా లేదు కదా, జనం కళ్లు బండ మీదే ఉంటాయి, ముఖం ఎవరూ చూడరు అని వాటిని ఉంచాను. ఆ తర్వాత ఉన్న నవ్వంతా కత్తిరించేశాను.

కత్తిరించిన ముక్కను ఏం చేశానో చెప్పాలి. పాత ఫిల్మును చాకలి సోడా కలిపిన వేడి నీళ్లలో నానబెట్టి రుద్దితే మీద ఉన్న బొమ్మ కరిగిపోయి గాజులాగా తేటపడుతుంది. దాని మీద సన్న కుంచెతో గీతలు గీస్తే తెర మీద అవి చిందులేస్తూ కనబడతాయి. టైటిళ్లు నేను అలాగే తయారు చేసేవాణ్ణి. ఇది నేను కనిపెట్టిన విద్యే అని గర్వం కూడా. ఆ నవ్వు ముక్కను కడిగి, దాని మీద బొమ్మ బొమ్మకూ పాకుతూ పోయేట్టు నా పేరు రాసుకున్నాను. మూడు రోజులు పట్టింది.

సినిమా జమ్మలమడుగులో ఆడింది, ప్రొద్దుటూరులో ఆడింది. సోడా తాగేవాళ్లు సీసా పక్కన పెట్టి చూశారు. ఆ మాట ఆ నోటా ఈ నోటా పడి, మద్రాసులో చిన్న సినిమాలు చూసే సంఘం వాళ్ల దాకా పోయింది. పంపితే వేస్తామని జాబు వచ్చింది. డాక్యుమెంటరీలు తీసే ఒక పెద్దమనిషి చూడటానికి వస్తాడని, ఆయనకు కెమెరా మనిషి కావాలని కూడా అందులో ఉంది. బోర్డుల కుంచె పారేసి, పగలంతా కెమెరా పట్టుకునే బతుకు. నేను ఎన్నేళ్లుగానో కోరుకున్నది అదే. శుక్రవారం రైలుకు రీలు పార్సిలు చేయాలి.

బుధవారం పొద్దున ఒకామె చంకలో పసిబిడ్డతో నా అంగడి ముందుకు వచ్చింది. తోడుగా వాళ్లన్న. పులివెందుల బస్సు దిగి ప్రొద్దుటూరంతా నా అంగడి ఎక్కడని అడుగుతూ వచ్చారట. ఆమె ఆ బండలాయన భార్య.

"ఎండకాలంలో జరమొచ్చి నాలుగు దినాలకే పోయినాడన్నా. వీడు కడుపులో ఉండాడు అప్పుడు. ఫోటో ఒగటన్నా దిగిండ్లేదు. నీ సినిమాలో కదలతాండాడని బండల కాడ పనిచేసేటోళ్లు చెప్పినారు. వీనికి వాళ్ల నాయనను సూపించాల."

ఆయన పోయిన సంగతి నాకు అప్పటిదాకా తెలియదు. వాళ్లను టెంటుకు తీసుకుపోయాను. పగలు టెంటులో వెలుతురు కాబట్టి, మిషను గది కిటికీలకు గోనెపట్టలు కట్టి, సున్నం గోడ మీద తువ్వాలంత బొమ్మ పడేట్టు ఆపరేటరు ప్రొజెక్టరు తిప్పాడు. మొదట నా పేరు పాకుతూ వచ్చింది. తరవాత ఆయన వీపు.

"ఈయనే. ఆ చొక్కా మాసిక నేనేసిందే" అంది ఆమె. పిల్లవాడి ముఖం గోడ దిక్కు తిప్పి పట్టుకుంది. వాడికి ఏడాది కూడా లేదు, మిషను దీపాన్ని చూస్తున్నాడు. సుత్తి లేచింది, దిగింది, బండ విడింది. వెంటనే నలుగురు మనుషులు బండను మోసుకుపోతున్నారు. సినిమా అయిపోయింది. ఆమె గోడనే చూస్తూ నిలబడింది.

"మొగం యాడన్నా? పని అయితానే తిరిగి నవ్వుతాడే. ఇంట్లో కట్టె కొట్టినా అంతే. ఆ నవ్వు యాడ?"

అబద్ధం చెప్పడానికి నాకు చోటుంది. తీయలేదమ్మా అంటే అయిపోయేది. ఎందుకో నోరు రాలేదు. తీశానని, కోసేశానని, కడిగేశానని, మొదట వచ్చిన నా పేరు దాని మీదే రాశానని చెప్పాను. ఆమె కోపపడలేదు. నిజంగానే తెలియక అడిగినట్టు అడిగింది.

"నీ పేరు రాసుకోను యాడా జాగా దొరకలేదా అన్నా?"

ఇన్నేళ్లలో నా పని మీద ఎంతో మంది ఎన్నో అన్నారు. అంత సిగ్గు నాకు ఇంకెప్పుడూ వేయలేదు.

ఏదో ఒకటి చేయాలని, ఆయన బొమ్మ గీసిస్తాను ఉండమన్నాను. వాళ్లు అంగడి ముందు నీడన కూర్చున్నారు, రీలు పట్టుకుని ఆపరేటరు కూడా వచ్చాడు. మా ఇంట్లో అన్నం పెట్టించాను. రీలులో ఉన్న ఆ పదకొండు చదరాలను భూతద్దంతో చూసుకుంటూ, మధ్యాహ్నమంతా అట్ట మీద రంగులతో వేశాను. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే, అయినా నిజం చెబుతున్నాను, బాగా వచ్చిందనే అనుకున్నాను. ఎన్నో ఏళ్లు హీరోల ముఖాలు వేసిన చెయ్యి. బుగ్గకు ఎరుపు, మీసానికి మెరుపు, కళ్లలో చుక్క అన్నీ వాటంతట అవే వచ్చి కూర్చున్నాయి.

ఆమె అట్టను దూరంగా పెట్టి, దగ్గరగా పెట్టి చూసింది.

"మంచిగానే ఉండాడు. ఎవరన్నా ఈయన?" అంది.

వాళ్లన్న తల వంచుకున్నాడు. ఆపరేటరు వీధి దిక్కు చూశాడు. నాకు ఇక దాచడానికి ఏమీ మిగల్లేదు. ఆమెను ఎండలోకి పిలిచి, ఫిల్మును వెలుతురుకు పట్టి, భూతద్దం చేతికిచ్చి, ఆ పదకొండు బొమ్మలూ చూపించాను. చాలాసేపు చూసింది. ఒక్కోదాన్నీ వేలితో జరుపుకుంటూ, మళ్లీ వెనక్కి వెళుతూ చూసింది. కళ్ల నీళ్లు ఫిల్ము మీద పడతాయని ముఖం పక్కకు తిప్పి తుడుచుకుంది.

నాలో ఉన్న పిసినారి అప్పుడు నోరు తెరిచాడు. ఒక్క బొమ్మ కోసిస్తానమ్మా, ఏది కావాలో చెప్పు అన్నాను. ఒక్కటి తీస్తే తెర మీద ఎవరికీ తెలియదు. మద్రాసు ప్రయాణానికి ఏమీ కాదు. ఆమె మళ్లీ భూతద్దం పెట్టుకుంది. దుమ్ములో తిరుగుతున్న ముఖం కదా, ఏ ఒక్క దానిలోనూ పూర్తిగా లేదు. ఒకదానిలో కళ్లు తేటగా ఉన్నాయి, పెదాలు అలుక్కుపోయాయి. మూడో నాలుగో దాటాక పళ్లు కనబడ్డాయి, అక్కడికి కళ్లకు దుమ్ము అడ్డం వచ్చింది. ఆఖరి దానిలో గడ్డమూ నవ్వు మొదలూ ఉన్నాయి.

"కండ్లు తీసుకుంటే నవ్వు నీ కాడ్నే ఉంటాది గదన్నా" అంది.

ఇవ్వనని చెప్పలేదు నేను. ఇస్తాననీ చెప్పలేదు. శుక్రవారం మద్రాసు పోవాల్సిన రీలని, ఇది తీస్తే బండ విడిపోయేదే ఉండదని, వేరే కాపీ లేదని గొణిగాను. ఆమెకు అందులో ఏదీ అర్థం కాలేదు. కావాల్సిన అవసరం కూడా లేదు. ఆపరేటరు అప్పుడు నా పక్కకు వచ్చాడు.

"కొడితే బండ పగులుతాదని మద్రాసోళ్లకు ఎట్లయినా తెలుసు మామా. ఈ పిల్లోనికి వాళ్ల నాయనే తెల్దు" అన్నాడు.

కత్తెర ఆయనే తెచ్చి నా చేతిలో పెట్టాడు. కోసింది నేను. పదకొండు బొమ్మల ముక్క నా వేళ్ల మీద ఒక బెత్తెడు కూడా లేదు. అంగళ్ల ప్రకటనలకు స్లైడ్లు ఎలా కట్టేవాణ్ణో అలాగే, దాన్ని రెండు గాజు పలకల మధ్య పెట్టి, అంచులకు నల్ల కాగితం అంటించి ఇచ్చాను. భూతద్దం కూడా ఇచ్చేశాను. ఆమె రెండింటినీ పిల్లవాడి గుడ్డలో చుట్టుకుని సాయంత్రం బస్సెక్కింది. ఆపరేటరు కోసిన రెండు కొసలూ కలిపి అతికించి, వేలితో తడిమి చూశాడు. ఈ అతుకు నిలుస్తాది అన్నాడు.

మద్రాసులో సినిమా వేశారు. నెల తర్వాత జాబు వచ్చింది. ఫోటోగ్రఫీ మెచ్చుకున్నారు. అతి ముఖ్యమైన చోట బొమ్మ దూకిందని, కూర్పు నేర్చుకోవాలని రాశారు. ఆ పెద్దమనిషి వేరే ఎవరినో పెట్టుకున్నాడు. బాధ లేదంటే అబద్ధం. చాలాకాలం ఆపరేటరుతో సరిగ్గా మాట్లాడలేదు. ఆయన అది గమనించినట్టు కూడా కనబడలేదు.

ఆ తర్వాత నేను తీసిన ప్రతి సినిమాలో మొదటి చావి ఆ పని చేసే మనుషులది. పులివెందుల దగ్గర ఎద్దులతో బావినీళ్లు లాగే కపిల తోలేవాళ్లయినా, జమ్మలమడుగు మగ్గం మీది ఆడవాళ్లయినా, ముందు నిలబడి నన్ను తిన్నగా చూడమంటాను. నవ్వితే నవ్వుతారు, లేకపోతే లేదు. అర నిమిషం ఫిల్ము తిరిగి ఆగిపోయాక రెండో చావి ఇచ్చి పని తీస్తాను. ఆ మొదటి అర నిమిషం నా పేరు ఉండాల్సిన చోట పెడతాను. పేరు మళ్లీ రాసుకోలేదు. పద్ధతి అని అడిగిన పిల్లలకు చెప్పగలిగింది ఇదే.

ఏడెనిమిదేళ్లకు పులివెందుల బస్టాండులో బోర్డు రాస్తుంటే ఆమె కనబడింది. పిల్లవాడు పక్కనే ఉన్నాడు. గాజు ఒక మూల పగిలిందని, మళ్లీ కట్టిస్తావా అని అడిగింది. మరుసటి వారం తెచ్చారు. కొత్త గాజు వేస్తుంటే వాడు నా భుజం మీద నుంచి వంగి, నవ్వు ఎన్నో బొమ్మలో మొదలవుతుందో నాకు వేలు పెట్టి చూపించాడు.

మొన్న వచ్చిన పిల్లలు ఆ పాత రీళ్లన్నీ కంప్యూటరులోకి ఎక్కించారు. బండల సినిమా దగ్గర ఆగి, ఇక్కడ కొన్ని బొమ్మలు పోయాయి సార్, ముందూ వెనకా చూసుకుని కంప్యూటరే వాటిని పుట్టిస్తుంది, అతుకు కూడా కనబడదు అన్నారు. వద్దన్నాను. ఇంకోసారి అడిగితే గట్టిగానే వద్దన్నాను.

అక్కడ ఏదీ పోలేదు. ఇచ్చాను. సినిమా చూసినవాళ్లు ఎవరైనా బండ ఎప్పుడు విడిందని అడిగితే, పులివెందుల దిక్కున ఒక ఇంట్లో ఉంది, వెళ్లి చూసుకోమని చెప్పండి.